కుక్క ముందు, స్వామి వెనుక

మా ఊరు పియెద్రా సోలాలో సాన్ రోకే స్వామి పండగనాడు చర్చిలోంచి ముందుగా బయటికి వచ్చేది స్వామి కాదు, ఆయన కాళ్ళ దగ్గరుండే కుక్క. చర్చి తలుపు సగమే తెరుచుకునేది గనక, మోసేవాళ్ళు పల్లకిని ఎడమకు వంచి, పక్కకు తిప్పి, ఊపిరి బిగబట్టి ఆ సందులోంచి దాటించేవాళ్ళు. అలా వంచినప్పుడు ముందు కుక్క ముక్కు కనిపించేది, దాని వెనుక స్వామి మోకాలు, అన్నిటికన్నా చివర ఆయన టోపీ. పక్క ఊళ్ళవాళ్ళు ఇది చూసి నవ్వడానికే మా పండగకు వచ్చేవాళ్ళు. నవ్వితే నవ్వనీ. వాళ్ళ ఊళ్ళలో తలుపులు తిన్నగా ఉంటే ఉండవచ్చు, ఒక్క తలుపు కోసం యాభై ఒక్క ఏళ్ళు ఓర్చుకున్న మనిషి మాత్రం వాళ్ళకు లేడు. మాకున్నాడు. ఆయన పేరు తొరిబియో విల్తె. ఆ వంకర తలుపు చేసిన వడ్రంగి కూడా ఆయనే.

మా కొండలమీద చెప్పుకోదగ్గ మానంటే కార్దోన్ ఒక్కటే. ఆకుల్లేని జెముడు అది. ఒంటినిండా వేలెడేసి ముళ్ళతో, మనిషికి మూడు నాలుగింతల ఎత్తు స్తంభంలా లేస్తుంది, ముసలిదైతే చేతులు కూడా వేస్తుంది. ప్రాణమున్న కార్దోన్‌మీద మేం గొడ్డలి పెట్టం. అది నిలబడే చచ్చి, కండంతా రాలి, లోపలి చిల్లుల కర్ర ఎండి గాలికి ఈల వేసేదాకా ఆగి, అప్పుడు భూమితల్లికి చెప్పి దించుకుంటాం. మా ఇంటి దూలాలూ, ఊయలలూ, శవపేటికలూ అన్నీ ఆ కర్రతోనే. ఒకటి కొట్టెయ్యడానికి ఒక్క పూట చాలు. అది పెరగడానికి మాత్రం మన తాత పుట్టక ముందునుంచీ పట్టి ఉంటుంది.

తొరిబియోకు పందొమ్మిదేళ్ళప్పుడు, జూన్ నెలలో, అంటే మాకు నడి చలికాలంలో, చర్చి పాత తలుపు గాలికి విరిగిపోయింది. పండగ ఆగస్టు పదహారున. ఊరి వడ్రంగి అపొలినార్ మేస్త్రీ ఊపిరితిత్తులు పాడై మంచంలో ఉన్నాడు. లేవలేక, తన దగ్గర పని నేర్చుకుంటున్న తొరిబియోను పిలిచాడు.

"పై కొండకు పో. గాడిదతో మూడు దినాల దావ. ఎండి నిలబడినవి ఆడ రెండుండాయి. కొట్టేముందర నాలుగు పక్కలా తట్టి చూడు. నాలుగు పక్కలా డొల్లగా పలికితేనే గొడ్డలెత్తు. ఇన్నావా?"

"ఇన్నా మేస్త్రీ."

విన్నాడు గానీ, మనసు అక్కడ లేదు. అది మేకలు కాసే బసీలియా వెనుక తిరుగుతోంది. రెండు రోజుల ముందే ఆమెతో గొప్పలు పోయి వచ్చాడు, పండగనాడు తలుపు చూడు, ఎవరు చేశారని నువ్వే అడుగుతావని. పోను మూడు రోజులు, రాను మూడు రోజులు, కొండమీద మంచు పడితే ఇంకో వారం. పని ఎప్పుడు మొదలుపెట్టేది, ఎప్పుడు ముగించేది? ఇలా లెక్కలు వేసుకుంటూ ఊరు దాటి గంట నడిచాడో లేదో, మలుపులో అయిదు చేతుల కార్దోన్ ఒకటి కనిపించింది. గాలి కొట్టే వైపంతా బూడిద రంగుకు తిరిగి, రెండు చేతులు వాడి వేలాడుతున్నాయి. ఆ పక్క తట్టాడు. డొల్లగా పలికింది. రెండో పక్కకు పోలేదు. పోతే ఏం పలుకుతుందో చెవికి ముందే తెలుసు, అందుకే పోలేదు.

మూడో దెబ్బకు గొడ్డలి తడిసింది. నాలుగో దెబ్బకు పచ్చి కండలోంచి నీళ్ళు చిమ్మి చెంపమీద పడ్డాయి. అప్పుడైనా ఆపి ఉండవచ్చు. చెట్టుకు గాయం మానేది, మేస్త్రీ నాలుగు తిట్లు తిట్టి ఊరుకునేవాడు. కానీ సగం కొట్టినదాన్ని వదిలి వెళ్ళడానికి సిగ్గు, మొత్తం కొట్టడానికి భయం. ఆ రెంటిలో సిగ్గే గెలిచింది. చూసి రమ్మంటే కాల్చి వచ్చినవాడి కథ ఇదే. పచ్చి కండనంతా రాళ్ళకింద కప్పెట్టి, పలకలను దూరంగా ఒక వాగులోకి మోసుకుపోయి నిప్పులమీద ఆరబెట్టాడు. ఆరు రోజుల తర్వాత, పై కొండకు పోయి వచ్చినవాడి మొహం పెట్టుకుని ఊళ్ళోకి దిగాడు.

అబద్ధమెందుకు, తలుపు బ్రహ్మాండంగా కుదిరింది. మేకు లేదు. పలకలను పచ్చి తోలుతో కుట్టి, చిల్లులన్నీ వరసలో పడేలా అమర్చాడు. పొద్దుటి ఎండ ఆ చిల్లుల్లోంచి పడి చర్చి లోపల నేలమీద చుక్కల ముగ్గు వేసింది. పండగనాడు స్వామి తిన్నగా, మొహం ముందుకు పెట్టుకుని, ఊరినంతా చూస్తూ బయటికి వచ్చాడు. పల్లకి మోస్తున్న సిక్స్తో, అంటే బసీలియా అన్న, తొరిబియో వీపుమీద ఒక్క చరుపు చరిచాడు.

"ఏం చేతులురా అయి! మా చెల్లెల్ని అడిగేదానికి వస్తే కుక్కను కట్టేస్తాలే."

నెల తిరగలేదు, తలుపు మూలగడం మొదలుపెట్టింది. పచ్చి తోలు ఆరేకొద్దీ బిగుసుకుంటుంది. ఎండిన పలక అయితే ఆ బిగువుకు నిలబడుతుంది, పచ్చి పలక దాంతోపాటే మెలి తిరుగుతుంది. సెప్టెంబరు గాలులు ఆగేసరికి తలుపు అడుగు మూల నేల బండమీద కరుచుకుని, సగం తెరుచుకుని ఆగిపోయింది. నలుగురు తోసినా కదల్లేదు.

అపొలినార్ మేస్త్రీని కుర్చీలో మోసుకొచ్చారు. ఆయన పలకమీద బొటనవేలు పెట్టి రుద్దాడు. వాసన చూశాడు.

"పచ్చిది," అన్నాడు. అంతకుమించి ఒక్క మాట అనలేదు. తిట్టి ఉంటే బాగుండేదని తొరిబియో ముసలితనంలో కూడా అంటూ ఉండేవాడు.

ఊరు చర్చి ముంగిట్లో కూర్చుంది. అప్పుడు ఊరి పెద్ద ఎన్కర్నా అవ్వ. ఎనభై ఏళ్ళు, నోట్లో కోకా ఆకు ముద్ద, మాటలో పదును.

"అడుసు తొక్కనేల, కాలు కడగనేల," అంది అవ్వ. "తొక్కినావు. ఇంక కడుగు. వంద కార్దోన్‌లు నాటు. నీ చేత్తో నాటినదాంట్లో ఒక్కటన్నా పూసేదాకా చర్చి కర్ర దేన్నీ ముట్టేదానికి లేదు. తలుపు, బల్ల, గంట కొయ్య, స్వామి పల్లకి, ఏదీ."

"ఎన్నేండ్లు పడుతుందవ్వా?"

"మా నాయన నాటినదానికి నలభై ఎనిమిది పట్టింది. నీది నీ రాత."

"మరి ఆ తలుపు? దాన్ని ఊడదీసి..."

"దాన్ని ముట్టేదెవరు? నువ్వు ముట్టగూడదు. ఇంకొకడు ముట్టడు. ఒకడి తప్పును ఇంకొకడు తుడిస్తే అది ఊరి తప్పయితాది. అట్లే ఉండనీ. చూసినప్పుడల్లా అందరికీ బుద్ధొస్తాది."

మా ఊళ్ళో ఇది పాత కట్టు. ఎవరూ గొణగలేదు. తొరిబియో టోపీ చేతిలో పట్టుకుని తల ఊపాడు. నలభై ఎనిమిదేళ్ళంటే ఎంతో పందొమ్మిదేళ్ళవాడికి అర్థం కాదు. అర్థమయి ఉంటే అక్కడే కూలబడేవాడు.

ఆ మర్నాడు మేకల దొడ్డి దగ్గర బసీలియా ముందు నిలబడ్డాడు. ఆమె పాలు పితుకుతూ తలెత్తలేదు.

"ఇంక యాభై ఏండ్లు స్వామికంటే ముందర కుక్క వస్తాదంట. అంతా నీ పున్నెమేనంట," అంది.

"ఎక్కిరించింది చాల్లే. నన్ను చేసుకుంటావా, లేదా? అది చెప్పు."

"ఆ తొందరంతా ఎవరికోసరం?"

తొరిబియో మేకలకేసి తిరిగాడు.

"నాకోసరమే గదా? అయితే సగం తప్పు నాది. యాభై చెట్లకు నేను నీళ్ళు పోస్తా. మిగతా యాభై నువ్వు చూసుకో." చెంబు కింద పెట్టి అప్పుడు మొహం చూసింది. "ఇంకో మాట. నేను తలుపును చేసుకోలేదు, నిన్ను చేసుకుంటా ఉండా. ఇంట్లో మొహం యేలాడేసుకుంటే ఒప్పుకోను."

పాసకానా పండు కార్దోన్ కాయే. లోపలి గుజ్జు తియ్యగా ఉంటుంది, గింజలు ఆవాలకన్నా సన్నం. తొరిబియో, బసీలియా వాటిని ఊరి పైనున్న రాళ్ళ వాలుమీద నాటారు, ఒక్కొక్క పొద నీడలో ఒక్కొక్కటి. పొద లేకపోతే ఎండకు మాడిపోతుంది. ఏడాది తర్వాత చూస్తే పచ్చపూస అంత. అయిదేళ్ళకు బొటనవేలంత. మూడో ఏట మంచుకు నలభై పోయాయి, మళ్ళీ నాటారు. ఏడో ఏట కుందేళ్ళు ఇరవై కొరికేశాయి, మళ్ళీ నాటి ఒక్కోదాని చుట్టూ రాతి గోడ కట్టారు. పదకొండో ఏట ఆకాశం ఒక్క చుక్క రాల్చలేదు. బసీలియా కడుపుతో ఉండి కూడా వీపున నీళ్ళ కుండ కట్టుకుని వాలు ఎక్కింది. ఆ చలికాలమే మూడో వరసలో పెద్ద బండ పక్కనున్న మొక్క పసుపురంగుకు తిరిగితే, రాత్రుళ్ళు దానికి తను కప్పుకునే పాత ఉన్ని పోంచో కప్పి, తను చలికి వణుకుతూ పడుకునేది. ఊళ్ళో ఆడవాళ్ళు బుగ్గలు నొక్కుకున్నారు. వాళ్ళకేం తెలుసు!

చర్చి కర్ర ముట్టడానికి లేదన్న మాటేగానీ, మిగతా లోకమంతా తొరిబియో చేతిదే. అతను చేసిన బల్లమీద తినని ఇల్లు మా లోయలో లేదు. నన్ను ఊపిన ఊయల కూడా అతను చేసిందే, నా మనవలు ఇప్పటికీ అందులోనే పడుకుంటున్నారు. ఎన్కర్నా అవ్వ పోయేముందు తన పేటిక తొరిబియోనే చెయ్యాలని చెప్పి పోయింది. అన్నిటికంటే ఎక్కువగా ఆ మాటకే అతను ఏడ్చాడు. పక్క ఊరివాళ్ళు తమ చర్చికి తలుపు చెయ్యమని రెండుసార్లు వచ్చారు. రెండుసార్లూ ఒకటే జవాబు.

"మా స్వామి వంగి బయటికి వస్తా ఉంటే, మీ స్వామికి తిన్నటి తలుపు చేస్తానా? పోండి, ఇంకెవర్నన్నా చూసుకోండి."

కానీ పండగ రోజు మాత్రం అతనికి ముళ్ళమీద నడకే. ఊళ్ళో ప్రతి మగవాడూ జీవితంలో ఒక్కసారైనా పల్లకి కింద భుజం పెడతాడు. తొరిబియోకు ఆ భాగ్యం లేదు. ముంగిట్లో గోడ పక్కన టోపీ తీసి నిలబడి, తన చేతిపని ముందు స్వామి వంగడం చూసేవాడు. కుక్క ముక్కు బయటికి రాగానే సిక్స్తో, బరువు కింద రొప్పుతూ కూడా, వదిలేవాడు కాదు.

"ఏమి బావా, పూసిందా? కుక్క అడగతా ఉంది!"

"మొగ్గ కూడా లేదు బావా. కుక్కను ఓపిక పట్టమను."

"మొక్కై వంగనిది మానై వంగునా అంటారు. మా బావ చేతిలో పలకై కూడా వంగిందే!"

జనం విరగబడి నవ్వేవాళ్ళు. తొరిబియో కూడా నవ్వేవాడు. నవ్వి, మర్నాడు పొద్దున్నే వాలు ఎక్కి, మొక్కల పక్కన నిలబడి తన ఒంటితో కొలుచుకునేవాడు. మోకాలు దాకా వచ్చాయి. తొడ దాకా వచ్చాయి. వందలో నిలిచినవి ముప్ఫై ఏడు.

అతనికి యాభై రెండేళ్ళప్పుడు పట్నంనుంచి అన్సెల్మో వచ్చాడు. మా ఊరివాడే, అక్కడ వ్యాపారంలో పైకొచ్చాడు. ఏదో జబ్బు చేసి స్వామికి మొక్కుకున్నాడట, నయమైందట. లారీలో ఇనప తలుపు వేసుకుని దిగాడు. రెండు రెక్కలు, ఆకుపచ్చ రంగు. పైన సాన్ రోకే పేరు, కింద అంతకంటే పెద్ద అక్షరాలతో అన్సెల్మో పేరు.

ఊరు మళ్ళీ ముంగిట్లో కూర్చుంది. అవ్వ లేదు. ముసలివాళ్ళు పల్లకి మోసి నొచ్చిన భుజాలు తడుముకున్నారు. కుర్రకారుకు పక్క ఊరివాళ్ళ నవ్వులంటే ఒళ్ళు మంట. పెట్టుకుందామన్నవాళ్ళే ఎక్కువ.

"పాపం తొరిబియో కూడా బయటపడతాడు గదా," అన్నాడు అన్సెల్మో ఉదారంగా. "ముప్ఫై మూడేండ్లు పడినాడు. చాలదా?"

తొరిబియో లేచాడు. ఊరి మధ్య నిలబడి మాట్లాడటం అతనికి అలవాటు లేదు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక టోపీని పిండుతూ నిలబడ్డాడు.

"నా చెట్లు నా నడుము దాకా వచ్చినాయి," అన్నాడు. "పూసేదానికి ఇంకా పైకి రావాల. మీ భుజాలు నొస్తా ఉండాయి, నాకు తెలుసు. దానికి నన్ను తిట్టండి, పడతా. కానీ నా తప్పును ఇనుముతో మూసేయొద్దండి. ఈ తలుపు పెడితే ఆ తప్పు నేను చచ్చినాక కూడా తప్పుగానే ఉండిపోతాది. దిద్దుకునే దావ ఉండదు. నన్ను దిద్దుకోనీండి."

తొరిబియో సిక్స్తో వైపు చూడలేదు. అందరికంటే ఎక్కువ మోసింది అతనే, అందరికంటే ఎక్కువ వెక్కిరించిందీ అతనే. ఆ సిక్స్తో తాపీగా లేచి, ఇనప తలుపు చుట్టూ ఒకసారి తిరిగి, గోటితో టంగుమని కొట్టాడు.

"బాగుంది అన్సెల్మో. బలంగా ఉంది. బడి తోటలో మేకలు పడతా ఉండాయి, ఆడ పెడదాం. పేరు కూడా అందరికీ కనపడతాది."

"అదేంది సిక్స్తో! నీ భుజం చూసుకున్నావా?"

"నా భుజం నేను చూసుకుంటాలే. మా బావను ఎక్కిరించే హక్కు నాది. ముప్ఫై మూడేండ్లుగా నాది. నువ్వు లారీ ఏసుకొచ్చి దాన్ని లాక్కోవద్దు."

ముందు ఒకరు నవ్వారు, తర్వాత అందరూ నవ్వారు. ఆ నవ్వుతోనే విషయం తేలిపోయింది. ఆ తలుపు ఇప్పటికీ బడి తోటకే ఉంది, మేకలకు మా చెడ్డ అడ్డం. పోయేముందు అన్సెల్మో గొణిగాడు, ఈ ఊరు బాగుపడదని. మేం అప్పుడే బాగుపడ్డామని అతనికి తెలియదు. ఆ సాయంత్రం సిక్స్తో, తొరిబియో ఒకే కుండలోని చిచా కల్లు పంచుకుని తాగారు.

ఇంకో పద్దెనిమిదేళ్ళు గడిచాయి. తొరిబియోకు డెబ్బై. మోకాళ్ళు మొరాయిస్తున్నాయి, వాలు ఎక్కి వారం దాటింది. నవంబరులో ఒక పొద్దున మేకలు తోలుకుపోయిన బసీలియా గంటలోనే తిరిగొచ్చింది. మేకలు లేవు వెనకాల.

"టోపీ పెట్టుకో," అంది.

"ఎందుకే? మేకలేవీ?"

"చొక్కా కూడా మార్చుకో."

చొక్కా అన్నాక అతనికి తెలిసింది. లేవబోయి మళ్ళీ కూర్చున్నాడు.

"ఏది?"

"మూడో వరసలో, బండ పక్కది. నా పోంచో తిన్నది."

వాలు ఎక్కడానికి తొరిబియోకు గంటన్నర పట్టింది. కార్దోన్ అతనికంటే ఎత్తుగా ఉంది. నెత్తికి కొంచెం కిందగా, పొద్దు తిరిగే వైపు, ఒకే ఒక్క పువ్వు, తెల్లగా, అరచెయ్యంత. లోపల రెండు తేనెటీగలు పొర్లుతున్నాయి. ఇంతేనా అనిపించింది అతనికి ముందు. ఆ వెంటనే బండమీద కూర్చుండిపోయాడు. బసీలియా పక్కన కూర్చుంది. ఆనందం ఒక్కటే కాదు అది, గర్వం, పట్టలేనంత గర్వం. యాభై ఒక్క ఏళ్ళలో మొదటిసారి ఆ గర్వాన్ని అతను ఎవరికీ దాచలేదు. దోవన పోయేవాళ్ళందర్నీ పిలిచి చూపించాడు.

మధ్యాహ్నానికి ఊరంతా అక్కడే. డెబ్బై రెండేళ్ళ సిక్స్తో కర్ర పోటు వేసుకుంటూ అందరికంటే చివర వచ్చాడు. పువ్వుకేసి చాలాసేపు చూశాడు. టోపీ తీశాడు.

"పోయి కుక్కకు చెప్తా," అని మాత్రం అన్నాడు, కళ్ళు తుడుచుకుంటూ.

ఇంక తలుపు. తొరిబియో కర్ర వెతకలేదు, ఎప్పుడో చూసి పెట్టుకున్నాడు. ముప్ఫై ఏళ్ళకిందట పై కొండమీద పిడుగు పడ్డ కార్దోన్ ఒకటి. అది చావడం, కండ రాల్చడం, ఎండడం అంతా ఏటేటా పోయి చూసి వచ్చాడు. కూతురు రుఫీనాను వెంటబెట్టుకుని, గాడిదమీద మూడు రోజుల దారి పోయాడు. పని నేర్చిన పిల్ల రుఫీనా, నలభై ఏళ్ళది, ఇప్పుడు లోయలో వడ్రంగం అంతా ఆమెదే. తొరిబియో నేలమీద కోకా ఆకులు పెట్టి, చిచా పోసి, భూమితల్లిని అడిగాడు. తట్టాడు. చుట్టూ తిరిగి మళ్ళీ తట్టాడు. నాలుగో పక్క దగ్గర చెవి ఆనించి నిలబడిపోయాడు.

"నాయనా, పొద్దు పోతా ఉంది. మూడు పక్కలా పలికింది గదా," అంది రుఫీనా.

"ఈ పక్కకు వచ్చేదానికి నాకు యాభై ఏండ్లు పట్టింది. గమ్మునుండు."

నాలుగో పక్క కూడా డొల్లగానే పలికింది. గొడ్డలి రుఫీనా ఎత్తింది.

నవంబరునుంచి ఆగస్టు దాకా తలుపు పని సాగింది. పలకలు నీడలో ఆరాయి, తిరగేశారు, మళ్ళీ ఆరాయి. ఎప్పుడవుతుందని అడిగినవాళ్ళమీద తొరిబియో మండిపడేవాడు. నిదానమే ప్రధానమని ఆ ఇంట్లో గోడకు రాయనక్కర్లేదు. లెక్క చూస్తే సరిగ్గా తొమ్మిది నెలలు.

"నేను అయిదుగుర్ని కన్నా, ఇంత మూలగలేదు," అనేది బసీలియా.

చేతులు వణికేవి. పలకలో గాడి తీసే పని రుఫీనాకు వదిలేశాడు. తోలు కుట్టు మాత్రం తనే కుట్టాడు, ప్రతి ముడీ. పండగకు ముందు రోజు పాత తలుపును ఊడదీశారు. దాన్ని కాల్చనివ్వలేదు తొరిబియో. ఇంటికి మోయించుకుపోయి, పని చేసే చోట గోడకు ఆనించి పెట్టుకున్నాడు.

"పని నేర్చుకునేవాళ్ళు ముందర దీన్ని చూడాల," అన్నాడు.

ఆగస్టు పదహారు. డప్పులు, కొమ్ము బూరలు, ఉష్ట్రపక్షి ఈకలు కట్టుకుని ఆడేవాళ్ళు. పక్క ఊళ్ళవాళ్ళు ఎప్పటికంటే ఎక్కువమంది వచ్చారు, ఈసారి నవ్వడానికి కాదు. తొరిబియో తన పాత చోటే నిలబడ్డాడు, గోడ పక్కన. ఎంతమంది పిలిచినా ముందుకు రాలేదు. రుఫీనా ఒక్క వేలితో తోసింది. తలుపు చప్పుడు లేకుండా, గోడ దాకా, పూర్తిగా తెరుచుకుంది. ఎండ లోపలికి పోయి పూజ బల్లదాకా పాకింది.

పల్లకి కదిలింది. నలుగురు మోసేవాళ్ళు, ఎడమ ముందు కొయ్య కింద సిక్స్తో. ఈ ఏడే ఆఖరని అతని కొడుకులు చెప్పారు, అతను వినిపించుకోలేదు. గుమ్మం దగ్గరికి వచ్చారు. ఎదురుగా బారెడు బారెడు ఖాళీ. ఒక బండి పట్టేంత ఖాళీ.

నలుగురూ కలిసికట్టుగా ఊపిరి బిగబట్టి, పల్లకిని ఎడమకు వంచి, పక్కకు తిప్పారు. ఎప్పటిలాగే కుక్క ముక్కు ముందుగా బయటికి వచ్చింది.

ముంగిలంతా ఒక్క క్షణం బిత్తరపోయింది. ఎండలో, ఎవరూ అడ్డంలేని వాకిట్లో, సాన్ రోకే స్వామి వంగి నిలబడ్డాడు. అప్పుడు ఒక నవ్వు వినిపించింది. పెద్ద నవ్వు, పొట్ట పట్టుకుని నవ్వే నవ్వు. అది తొరిబియోది. స్వామి తలుపు దగ్గర అతను మనసారా నవ్వడం ఊరు వినడం అదే మొదలు.

"బావా! ఏం జేస్తా ఉండావు? తలుపు తెరిచే ఉంది! తిన్నగా పట్టు!"

"పట్టాలనే ఉండా బావా," అన్నాడు సిక్స్తో రొప్పుతూ. మొహం కందిపోయింది. "నా మాట భుజం ఇనడంల్యా! దీనికి వంచడమే తెలుసు."

వెనక్కి జరిగి మళ్ళీ వచ్చారు. గుమ్మం దగ్గర మళ్ళీ వంగింది. ఇద్దరు కుర్రవాళ్ళను మార్చి చూశారు. వాళ్ళూ వంచారు. వాళ్ళ నాన్నలు వంచడం చూస్తూ పెరిగినవాళ్ళే గదా! మూడోసారికి పల్లకి దించి, జనమంతా నవ్వుతూ, కళ్ళు తుడుచుకుంటూ నిలబడ్డారు.

సిక్స్తో నవ్వలేదు. భుజంమీది మెత్తను తీసి చేతిలో పట్టుకున్నాడు. ముంగిలి దాటి, గోడ పక్కకు, తన బావ దగ్గరికి నడిచాడు.

"ఈ ఊళ్ళో స్వామిని ఒక్కసారన్నా వంచని మొగోడు ఒకడే ఉండాడు," అన్నాడు. "రా. నా చోట్లో నిలబడు."

తొరిబియో కదల్లేదు. యాభై రెండు పండగలు ఆ గోడ పక్కన గడిపినవాడు. చేతిలో టోపీ నలిగిపోతోంది. బసీలియా ఆ టోపీ లాక్కుని అతని వీపుమీద చెయ్యి వేసి తోసింది.

"పో. తొందరపడాల్సినప్పుడు మాత్రం నిలబడతావు," అంది.

సిక్స్తో తన మెత్తను అతని ఎడమ భుజంమీద పెట్టి సర్దాడు. తొరిబియో కొయ్యను ముందు చేత్తో ముట్టుకున్నాడు, మెల్లగా. తర్వాత దాని కింద భుజం పెట్టాడు. వీపు వంగలేదు. మిగతా ముగ్గురూ అతన్ని చూసి అడుగు కలిపారు.

సాన్ రోకే స్వామి తిన్నగా, మొహం ముందుకు పెట్టుకుని, ఊరినంతా చూస్తూ బయటికి వచ్చాడు. కుక్క ఆయన కాళ్ళ దగ్గర, దాని చోట్లో ఉంది.